మేనమామ పోలిక

ఆ ఎండాకాలం మా మగ్గాల కొట్టంలో దూలానికి తలలు వేలాడాయి. కొన్నింటికి కళ్లు తెరిచి ఉండేవి, కొన్నింటికి కళ్లున్న చోట గుంటలే ఉండేవి. కింద, మా బాపు బతుకంతా నేసిన గుంటమగ్గం పక్కన, మోచేతి దాకా తెగిన చేతులు గోడకు ఒరిగి ఆరుతుండేవి. పొద్దున్నే పాలు పోసే ఆమె ఒకసారి అటు తొంగిచూసి, మర్నాటి నుంచి గిన్నె వాకిట్లోనే పెట్టమంది.

అది 1986. కోరుట్లకు కొంత దూరంలో, చెట్లు మొలిచిన ఒక పాత దొరల గడీలో, బొంబాయి వాళ్లు దయ్యాల సినిమా తీస్తున్నారు. గడీలో నీళ్లు లేవు. గాయాలూ శవాలూ తయారుచేసే మనిషికి బావి, నీడ ఉన్న చోటు కావాలని మా కొట్టం అడిగారు. మగ్గాలు ఆగిపోయి చాలా ఏళ్లయింది. నాకు కాలేజీ సెలవులు. ఇంట్లో ఏదో ఒక చప్పుడు ఉంటే మంచిదనిపించి సరేనన్నాను.

ఇంట్లో ఉన్నది ఇద్దరమే, నేనూ మా అక్క ఐలవ్వా. నా భార్య చంద్రవ్వ పోయి మూడేళ్లు. మా బావ అంతకంటే ముందే పోయాడు. అక్కకు ఒక్కడే కొడుకు ముత్యం, గోదావరి అవతల బొగ్గుబాయిలో పనిచేసేవాడు. ఆ మాఘమాసంలో బాయి లోపల పైకప్పు కూలింది. వెంటనే మంటలు లేచాయి. మంటలు మిగతా బాయికి పాకకుండా ఆ సొరంగానికి అడ్డంగా గోడ కట్టి మూసేశారు. ముత్యం గోడకు అవతల ఉండిపోయాడు. నేనూ అక్కా బాయి గేటు దగ్గర చాలాసేపు కూర్చొని, చివరికి వాడి సైకిలు తీసుకొని తిరిగి వచ్చాం. అప్పటి నుంచి అక్క నా దగ్గరే ఉంటోంది.

ఆమె ఏడవలేదు. వంట చేసింది, వాకిలి ఊడ్చింది, నా బట్టలు ఉతికింది. ఎవరైనా ముత్యం పోయాడన్న మాట ఎత్తితే మాత్రం చీపురు కింద పెట్టి, "నువ్వు జూసినవా?" అని అడిగేది. చూసినవాళ్లు ఎవరూ లేరు.

గాయాల మనిషి పేరు హనుమండ్లు. మా దిక్కు మనిషే. చిన్నప్పుడు నిర్మల్‌లో కొయ్యబొమ్మల పని నేర్చుకొని, తర్వాత భివండికి మరమగ్గాల మీద పనికి పోయి, అక్కడ నుంచి సినిమాల్లో పడ్డాడు. నలభై ఏళ్లుంటాయి. పొట్టిగా, పొట్టతో, ఎప్పుడూ నోట్లో ఏదో నములుతూ ఉండేవాడు.

మొదటి రోజే అక్క చీపురు పట్టుకొని కొట్టం గడపలో నిలబడింది.

"ఏందయ్యా, గిది ఇల్లా, బొందలగడ్డా?"

"ఫికర్ జెయ్యకక్కా. ఇవి అన్నం అడగయి, బట్ట అడగయి, అర్ధరాత్రి తాగొచ్చి లొల్లి జెయ్యయి. గింత మంచి కిరాయిదార్లు నీకు యాడ దొరుకుతరు?"

"మాటలకేం తక్వలేదు."

"గా మాటలు గూడ లేకపోతె, నేను గూడ వీటి పక్కకే యాలాడుడు."

అక్క నవ్వలేదు గానీ, చీపురు మూలన పెట్టి పోయింది.

అతని పని చూస్తుంటే నాకు పొద్దు తెలిసేది కాదు. నేను జంతుశాస్త్రం చెప్పేవాణ్ని. ఏళ్ల తరబడి పిల్లల ముందు కప్పల్నీ ఎలుకల్నీ కోసినవాణ్ని. అయినా అతను బెల్లం పాకంలో ఎర్ర రంగు కలిపి వేలితో తీగ సాగదీసి చూస్తుంటే ఒళ్లు జలదరించేది. పాత రక్తానికి చిటికెడు కాఫీపొడి వేసేవాడు. మేక పేగులు తెచ్చి సున్నపు నీళ్లలో కడిగి, గాలి ఊది, కడుపులో సర్దేవాడు. కడుపు స్పంజిది, చర్మం రబ్బరు పాలది. సెలైను గొట్టాలు మెడలో దాచి, వెనక నుంచి సైకిలు పంపు కొడితే రక్తం చిమ్మేది. నేను కాలేజీ నుంచి మనిషి లోపలి భాగాల పటం తెచ్చిస్తే గోడకు మేకు కొట్టి తగిలించుకున్నాడు.

"సారూ, గీ కాలేజం గింత మంచి రంగుల ఉంటదా?"

"కాలేయం. ఉంటది."

"నేను ఇన్నేండ్ల సంది నల్లగ జేస్తున్న. పాపం, నా పీనుగలన్నీ తాగువోతులనుకున్నరేమో జనం!"

కొట్టం నిండా బెల్లం వాసనకు చీమలు బారులు కట్టేవి. తెగిన చేతుల మీద, పగిలిన తలల్లో, తెరుచుకున్న కడుపులో, ఎక్కడ చూసినా చీమలే. ఆ చీమల్ని చూసినప్పుడే ఆ ముక్కలు నిజమనిపించేవి.

ఒకరోజు గడీ దగ్గరికి నన్నూ తీసుకెళ్లాడు. ఒక ఆడమనిషిని దయ్యం నిలువునా చీల్చే దృశ్యం. ఆమె సగం శరీరం గుంటలో, పై సగానికి అతను చేసిన కడుపు. డైరెక్టరు "ఔర్ ఖూన్! ఔర్!" అని ఇంకా రక్తం కోసం అరుస్తుంటే హనుమండ్లు బల్ల కింద పడుకొని చెమటలు కారుతూ పంపు కొడుతున్నాడు. ఇంతలో గడీ వెనక నుంచి ఒక కుక్క వచ్చి, పక్కన పెట్టిన చేతిని నోట కరుచుకొని చేల మీదుగా పరుగెత్తింది. యూనిట్ అంతా దాని వెంట పడ్డారు. పొలంలో పని చేస్తున్న ఇద్దరు ఆడవాళ్లు ఆ చేతిని చూసి పెట్టిన కేకలు నాకు ఇప్పటికీ గుర్తే.

తిరిగి వచ్చేటప్పుడు ఎడ్లబండి మీద హనుమండ్లు అన్నాడు:

"గీ సినిమాలల్ల ఎవ్వడు జల్ది సావద్దు సారూ. ఎంతసేపు కొట్టుకుంటె గంత మంచిది. నేను గూడ గదే నేర్సుకున్న."

ఆ సినిమా తర్వాతి ఏడాది మా ఊరి టాకీసుకు వచ్చి, వారం తిరగకముందే పోయింది. నేను చూడలేదు.

అక్క మెల్లగా కొట్టం లోపలికి రావడం మొదలుపెట్టింది. ముందు గడపలో నిలబడి చూసేది, తర్వాత గుంటమగ్గం అంచున కూర్చొని బియ్యం ఏరేది. హనుమండ్లు ఏవేవో కబుర్లు చెబుతుండేవాడు. ఆమె వినేదో లేదో తెలియదు. ఒక పగటిపూట నేను బావి దగ్గర ఉండగా ఆమె గొంతు వినిపించింది.

"మీద బండ వడితె మనిషి ఎట్లయితడు?"

నేను గడప దాకా వచ్చి ఆగిపోయాను. హనుమండ్లు ఒక తలకు పళ్లు అతికిస్తున్నాడు. అతనికి ముత్యం సంగతి నేను చెప్పి ఉన్నాను. నా వైపు చూశాడు. అతను ఏ ముక్కైనా కల్పించి చెప్పగలిగేవాడే.

"ఎరుకలేదక్కా," అన్నాడు. "నేను సినిమాయే జేసిన."

అక్క మళ్లీ బియ్యం ఏరుకుంది.

ఆ వారమే అంతయ్య బావ వచ్చాడు. మా బావకు తమ్ముడు, అక్కకు మరిది. కొడుకు పెళ్లి పెట్టుకున్నాడు. ముత్యానికి కర్మ జరగనంత కాలం పాలోళ్లకు, అంటే ఆ ఇంటిపేరు వాళ్లందరికీ, మైల ఉన్నట్టే, పెళ్లి పందిరి వేయడానికి లేదు. శవం దొరకనప్పుడు మోదుగాకులతో మనిషి బొమ్మ చేసి దహనం చేస్తే సరిపోతుందని అయ్యగారు చెప్పాడట. ఆ మాట చెప్పడానికి అంతయ్య బావ చెప్పులు వాకిట్లో విడిచి, తల దించుకొని కూర్చున్నాడు. చెడ్డ మనిషి కాదు. పిల్లవైపు వాళ్లు ఆగమంటే ఎంతకాలం ఆగుతారు?

"ఆకులు కాలవెట్టి నా కొడుకు సచ్చిండంటరా?" అంది అక్క.

"వదినే, శాస్త్రం గట్లున్నది..."

"శాస్త్రం జూసిందా వాని మొకం? నేను జూడలే. కడసూపు లేకుంట పంపుతనా?"

"యాడికెల్లి తేవాలె మొకం? గోడ కట్టిండ్రాయె!"

అక్క లేచి సరాసరి కొట్టంలోకి పోయింది. మేమిద్దరం వెనకే వెళ్లాం. హనుమండ్లు అన్నం తింటున్నాడు.

"నా కొడుకును జేస్తవా?" అంది.

అతను చేతిలోని ముద్ద కంచంలో పెట్టాడు. "అక్కా, నాది గలీజు పని. దయ్యాల పని. గివన్నీ నీకెందుకు..."

"జేస్తవా, జెయ్యవా?"

నాకు అప్పుడు చంద్ర ముఖం గుర్తొచ్చింది. ఆస్పత్రి మంచం మీద ఆమె చెయ్యి నా చేతిలో చల్లబడుతుండగా చూశాను. ఆ చూపు తర్వాత ఎన్నో రాత్రులు నన్ను నిద్ర పోనివ్వలేదు, నిజమే. కానీ తలుపు చప్పుడైతే చంద్ర వచ్చిందని నేను ఒక్కసారి కూడా లేవలేదు. అక్క మాత్రం సైకిలు గంట వినపడ్డ ప్రతిసారీ లేచేది.

"చెయ్, హనుమండ్లూ," అన్నాను.

ముత్యం ఫొటో ఒకటే ఉంది, బాయిలో చేరినప్పుడు దిగింది. అక్క దాన్ని ముట్టనివ్వలేదు. "గది వాని మొకం గాదు. ఫొటోకు బయపడ్డ మొకం," అంది. మరి ఎట్లా చెయ్యాలని హనుమండ్లు తల గోక్కుంటుంటే, ఆమె నా గడ్డం పట్టుకొని వెలుతురు వైపు తిప్పింది.

"గిదో. మేనమామ పోలిక. నొసలు, దవుడలు, అన్నీ గివే."

బతికున్న మనిషి ముఖానికి అచ్చు తీసి పాడె మీద పెట్టడమంటే అంతయ్య బావకు వణుకు పుట్టింది. నన్ను పక్కకు లాగాడు.

"పాగలయినవా రాజం? బతికున్నోని మొకం కాట్లె వెడ్తరా ఎవలన్న? రేపు నీకేమన్న అయితె?"

"అక్కకు మొకం గావాలె బావా. నా దగ్గర ఉన్నది గిదొక్కటే."

అతను తల పట్టుకొని వెళ్లిపోయాడు.

నన్ను చాప మీద పడుకోబెట్టారు. కనుబొమలకూ మీసాలకూ ఆముదం రాసి, ముక్కులో బొప్పాయికాడ గొట్టాలు పెట్టాడు. "కదలొద్దు సారూ. నవ్వొద్దు. నవ్వితె పిల్లగానికి ముడుతలొస్తయి." తర్వాత చల్లని తడి ప్లాస్టరు నుదుటి మీద పడింది. కళ్ల మీద, చెంపల మీద, నోటి మీద. చల్లదనం పోయి మెల్లగా వేడెక్కింది. బరువెక్కింది. చెవులకు కూడా ఏదో కప్పాడు. బయట కాకి అరుస్తుండాలి, వినపడలేదు. నా ఊపిరి చప్పుడొక్కటే వినిపించింది, సన్నగా, ఈలలాగా. చీకటి మెత్తగా లేదు, గట్టిగా ఉంది. నేను లేవాలనుకుంటే లేవగలనని తెలుసు. ముత్యానికీ నాకూ ఆ తెలియడం ఒక్కటే తేడా అని కూడా అప్పుడే తెలిసింది. నా కాళ్లు వాటంతటవే కొట్టుకోవడం మొదలుపెట్టాయి.

ఎవరో నా చెయ్యి పట్టుకున్నారు. గరుకు చెయ్యి. ప్లాస్టరు మీదుగా, ఎక్కడో దూరం నుంచి వచ్చినట్టు అక్క గొంతు వినిపించింది.

"అయిపోతది బిడ్డా. ఇగ జరంత సేపే. నేను గీడ్నే ఉన్న."

అక్క నన్ను ఎప్పుడూ తమ్మీ అనే పిలుస్తుంది. నా కాళ్లు ఆగాయి.

అచ్చులోంచి నా ముఖం మట్టిలో వచ్చింది. అలసిన ముఖం, కళ్ల కింద సంచులు. దాన్ని ఇరవై మూడేళ్ల వాడిగా చెయ్యాలి. హనుమండ్లు చెంపలు నింపాడు, ముడతలు మాపాడు. అక్క పక్కనే కూర్చొని "కాదు" అనేది. ఇంకొకటి చేసేవాడు. "కాదు." చివరికి అతను విసిగి మట్టి ఆమె ముందుకు తోశాడు. ఆమె చేతులు కొంగుకు తుడుచుకొని, బొటనవేలితో ముక్కు కొనను కాస్త పైకి నొక్కింది. పైపెదవి మీద గోటితో చిన్న గీత గీసింది. చిన్నప్పుడు కండెలు చుట్టే రాట్నం తగిలి తెగిన చోటు అది. కుడి కనుబొమను ఎడమదానికంటే తక్కువ చేసింది. చూస్తుండగానే నా ముఖంలోంచి నేను వెళ్లిపోయాను, ముత్యం వచ్చాడు.

ముఖాన్ని రబ్బరుతో చెయ్యనన్నాడు. కాలితే టైరు వాసనొస్తుంది, తల్లి ముక్కుకు ఆ వాసన తగలొద్దన్నాడు. తేనెమైనంతో చేశాడు. ఎండకు కరగకుండా గుగ్గిలం కలిపాడు. సినిమా కోసం తెచ్చిన జుట్టును సూది కాల్చి ఒక్కొక్క వెంట్రుకగా గుచ్చాడు. ఒళ్లు మాత్రం అయ్యగారు చెప్పినట్టే మోదుగాకులు, దర్భ. యూనిట్ సామాను కట్టేసుకుంది. వాళ్లు బొంబాయికి రమ్మని మనిషిని పంపితే, "కడుపుల నొస్తుందని చెప్పు," అని పంపించాడు.

పని పూర్తయిన రోజు, మైనం కరగకుండా కప్పిన తడి గోనెలు తీసి, ముఖాన్ని చాప మీద పెట్టి, మెడ దగ్గర నుంచి తెల్లగుడ్డ కప్పాడు. అక్క వంగి చాలాసేపు చూసింది.

"వాడే," అంది. మళ్లీ కాసేపటికి, "గిట్లయితె కాదు," అంది.

"ఏమయిందక్కా? ముక్కా?"

"పండుకున్నట్టున్నడు. పండుకున్న పోరన్ని ఎట్ల కాలవెట్టనిత్తును? దెబ్బ వెట్టు."

ఎండాకాలమంతా లెక్కలేనన్ని గొంతులు కోసిన మనిషి. చేతిలో చిన్న ఉలి ఉంది. అతను దాన్ని కింద పెట్టాడు.

"నాతోని గాదక్కా."

"ఎవలెవలియో పేగులు తీస్తివి. నా కొడుక్కు ఒక్క దెబ్బ వెట్టరాదా?"

అతను బయటికి పోయి, బావి గట్టు మీద కూర్చొని బీడీ కాల్చాడు. అది అయ్యాక ఇంకొకటి. తిరిగి వచ్చి ముఖం ముందు కూర్చున్నాడు. ఎడమ కణత మీద, జుట్టు మొదలయ్యే చోట, బొటనవేలు పట్టేంత గుంట చేశాడు. దాని అంచులు వేడి గరిటెతో మెత్తబరిచాడు. రక్తం ఒక్క చారే పెట్టాడు, చెవి దాకా. మిగతా ముఖం ముట్టుకోలేదు. తర్వాత బొగ్గు నూరి, నుదుటి మీద, మెడ మీద, చెవుల చుట్టూ వేలితో అద్దాడు.

"గంతేనా దెబ్బ?" అంది అక్క.

"గంతే. గీడ తాకితె, ఏం తాకిందో ఎరుకయ్యే లోపట్నే పానం వోతదక్కా. నొప్పి తెల్వది."

అక్క నా వైపు తిరిగింది. "తమ్మీ, నువ్వు సదువు జెప్పెటోనివి. అవునా?"

గోడకు అవతల ఏం జరిగిందో ఎవరికీ తెలియదు. బండ పడిందో, పొగ కమ్మిందో. ఇవతల గోడ కడుతున్న చప్పుడు అవతల ఎవరికైనా వినపడిందో. ఆ చివరి మాటను నేను నాలుగు నెలలుగా నాలోనే మోస్తున్నాను.

"అవునక్కా," అన్నాను. "కన్ను మూసి తెరిసేటంత సేపు."

ఆమె తల ఊపింది. చాప అంచు మీద కూర్చొని, కొంగు మూతికి అడ్డం పెట్టుకొని, అప్పుడు ఏడ్చింది. మాఘం నుంచి దాచినదంతా ఏడ్చింది. హనుమండ్లు తన తలల్నీ చేతుల్నీ ఒక్కొక్కటే దూలం నుంచి దించి, శబ్దం కాకుండా పెట్టెల్లో సర్దాడు.

మర్నాడు పొద్దున వాకిట్లో స్నానం చేయించారు. మైనానికి వేడి తగలొద్దు, చన్నీళ్లే పోయమన్నాడు హనుమండ్లు. "సన్నీళ్లంటె వానికి సలిజొరం," అంది అక్క. చెంబెడు వేడినీళ్లు బిందెలో కలిపి, పసిపిల్లల నీళ్లు చూసినట్టు మోచెయ్యి ముంచి చూసింది. హనుమండ్లు అడ్డం చెప్పలేదు. ఆమె అరచేత్తో నీళ్లు తీసుకొని నుదురు కడిగింది. బొగ్గు నల్లగా కారి మోదుగాకుల మీదుగా పోయింది. మెడ కడిగింది. రక్తపు చార ఒక్క తుడుపుకే పోయింది. ముఖం పక్కకు తిప్పి చెవి వెనక వేలు పెట్టి ఆగిపోయింది. అక్కడి ముడతలో కూడా బొగ్గు ఉంది. ఏ కెమెరా అటు చూడదు.

"గీ పోరడు చెవుల ఎనుక ఎన్నడు సక్కగ కడుక్కోడు," అంది, కొంగు తడిపి తుడుస్తూ.

నలుగురం పాడె ఎత్తాం. ముందు వైపు నేనూ అంతయ్య బావా. ఎత్తగానే అది ఒక్కసారి పైకి లేచిపోయింది. ఆకులు, దర్భ, పిడికెడు మైనం. ఖాళీ పాడె ఎత్తినట్టే ఉంది. వాకిట్లో ఆడవాళ్ల మధ్య నిలబడి అక్క మా భుజాలనే చూస్తోంది. నేను ఏం చెయ్యాలో తెలియక నిలబడిపోయాను.

అంతయ్య బావ మోకాళ్లు వంచాడు. భుజం దించి, పళ్లు బిగబట్టాడు.

"జర నెమ్మది," అన్నాడు వెనకవాళ్లతో, అందరికీ వినపడేట్టు. "బరువున్నడు పిల్లగాడు."

వెనకవాళ్లు కూడా వంగారు. అట్లాగే, అడుగులు తడబడుతూ, బజారు దాటి, రోడ్డు దాటి వెళ్లాం. మధ్యలో ఒకచోట ఆగి భుజాలు కూడా మార్చుకున్నాం.

దింపుడు కల్లం దగ్గర పాడె నేల మీద దించాం. పోయినవాళ్లను చివరిసారి పిలిచి చూసే చోటు అది. అక్క ముందుకు వచ్చి మోకాళ్ల మీద కూర్చుంది. చెవికి నోరు ఆనించి, "ముత్యం," అని పిలిచింది. ఆగి మళ్లీ పిలిచింది. మూడోసారి పిలిచేటప్పుడు రోడ్డు మీద నుంచి ఒక లారీ పోయింది. ఆ చప్పుడు పూర్తిగా సద్దుమణిగే దాకా ఆమె ముఖం ఎత్తలేదు, వింటూనే ఉంది.

తర్వాత లేచి, చేతులకు అంటిన మట్టి దులుపుకొని, పక్కకు జరిగి మాకు దారి ఇచ్చింది.

"ఎత్తుండ్రి," అంది.